శుభలేఖ చరవాణిలో పంపవచ్చునా? – పిలుపునందలి శ్రద్ధ, మితవ్యయము

2020వ సంవత్సరము ఏప్రిల్ 2వ తేదీన, చైత్ర శుద్ధ నవమి నాడు, భద్రాచల క్షేత్రమున శ్రీసీతారాముల కల్యాణము భక్తజనము లేకయే జరిగినది. మహమ్మారి కారణమున మిథిలా ప్రాంగణము శూన్యముగా నుండెను. అర్చకులు, కొద్దిమంది అధికారులు మాత్రమే ఉండగా, ఆలయ ఆవరణములోనే మాంగల్యధారణ ముగిసెను. ఏటా గోదావరీ తీరమునకు వేలాదిగా తరలివచ్చు భక్తులు ఆ దినమున తమ తమ గృహములలో, తెర యెదుట చేతులు జోడించి నిలిచిరి. మరుసటి సంవత్సరము 2021 ఏప్రిల్ 21న కూడ అట్లే జరిగినది. జగత్కల్యాణమునకే తెర పిలుపు, తెర దర్శనము తప్పలేదు.

ఆ దర్శనము దర్శనమే. దానిని కాదనుటకు శాస్త్రములో ఆధారము లేదు. భక్తుని కన్నీటికి తెర అడ్డు రాదు. అయినను ఒక్క లోటు మిగిలినది. కల్యాణము చూచినవాడు ఇంటికి తెచ్చుకొను ముత్యాల తలంబ్రాలు తెరనుండి చేతిలోనికి రాలవు. ఆ లోటు ఎంత నిజమైనదో తరువాతి సంవత్సరములే తెలిపినవి. తెలంగాణ రోడ్డు రవాణా సంస్థ తన కార్గో విభాగము ద్వారా భద్రాద్రి తలంబ్రాలను ఇంటింటికి చేర్చసాగెను. 2023లో దానికి రుసుము 116 రూపాయలు, 2024లో 151 రూపాయలు. భద్రాచలమునకు రాలేని భక్తుడు ప్రత్యక్ష ప్రసారమును ఉచితముగా చూచియు, పిడికెడు అక్షతల కొరకు రుసుము చెల్లించి నిరీక్షించెను. వార్తను తెర మోయగలదు. అక్షతను మోయుటకు మాత్రము ఒక మనిషి, ఒక బండి కావలసివచ్చెను.

ఈ భేదమును గ్రహించినచో, నేటి గృహస్థుని యొక సామాన్య సందేహమునకు సమాధానము దొరకును. బిడ్డ పెండ్లి నిశ్చయమైనది. ధనము పరిమితము. మండపము, భోజనములు, పట్టుబట్టలు, పుస్తెలు, మెట్టెలు అన్నియు లెక్కలో చేరినవి. శుభలేఖలు అచ్చువేయించి ఊరూర తిరిగి పంచవలెనా, లేక చరవాణిలో ఒక చిత్రమును పంపి ఊరకుండవచ్చునా? ఖమ్మము నుండి పాల్వంచ, భద్రాచలము మీదుగా దుమ్ముగూడెము, చర్ల అడవి అంచుల వరకు ప్రతి ఇంట ఈ ప్రశ్న ఉన్నది. పెద్దలు "బొట్టు పెట్టి పిలువని పిలుపు పిలుపే కాదు" అందురు. పిల్లలు "ఒక్క నొక్కుతో అందరికీ చేరును, ఈ ఖర్చు దండుగ" అందురు. రెండు వాక్యములలోను సత్యము కలదు, రెండును అసంపూర్ణములే. ఎందువలననగా ఇద్దరును సాధనమును గూర్చియే వాదించుచున్నారు. పిలువబడువానిని గూర్చి ఇద్దరును ఆలోచించుట లేదు.

ఆహ్వానము, ప్రకటన

'ఆహ్వానము' అనగా పేరుపెట్టి పిలుచుట. పూజావిధిలో దీనికి తోడైన 'ఆవాహనము' వేరొక ధాతువు నుండి పుట్టినది. దాని అర్థము తోడితెచ్చుట. షోడశోపచారములలో ధ్యానము పిమ్మట ఆవాహనము, ఆ వెంటనే ఆసనము, పాద్యము, అర్ఘ్యము వచ్చును. ఈ క్రమము యాదృచ్ఛికము కాదు. పిలిచినవాడు ఆసనము చూపవలెను, కాళ్ళకు నీళ్ళియ్యవలెను. ఆసనము సిద్ధపరచని పిలుపు పిలుపు కాదని పూజావిధియే ప్రతిదినము బోధించుచున్నది.

ప్రకటన అట్టిది కాదు. ప్రకటనకు సమాచారము చాలును: ఎవరి పెండ్లి, ఎప్పుడు, ఎక్కడ. దానిని ఎవరు చదివినను చదువకున్నను ప్రకటించినవానికి పట్టదు. ఒక చిత్రమును ఐదువందల మందికి ఒకేసారి త్రోయువాడు ప్రకటన చేసినవాడే గాని ఆహ్వానించినవాడు కాడు. అట్లే వెలగల పత్రికను పేరైనను సరిగా వ్రాయక ద్వారపాలకుని చేతిలో పెట్టి వెడలువాడును ప్రకటనయే చేసినాడు. బంగారు పూతయున్నను అది ప్రకటనయే. కావున భేదము కాగితమునకు, తెరకు మధ్య లేదు. ఒక నిర్దిష్ట వ్యక్తిని మనస్సున నిలుపుకొని, వానికొక ఆసనమును తలచి పిలుచుటకు, ఊరక చాటుటకు మధ్య కలదు.

భాగవతమున రుక్మిణీదేవి పంపిన పిలుపును స్మరింపుడు. అగ్నిద్యోతనుడను బ్రాహ్మణుని నోట పంపిన మాట మాత్రమే అది. కానుకలు లేవు, పరివారము లేదు, ఆడంబరము లేదు. అయినను శ్రీకృష్ణుడు ఆ రాత్రియే రథమెక్కెను. ఆ మాట ఒక్కనికొరకే పుట్టినది. ఇంకొకనికి పంపదగినది కాదు. పిలుపునకు బలము వచ్చుట ఈ అనన్యతవలననే.

వసిష్ఠుని జాబితా

శ్రీమద్రామాయణమున బాలకాండ 13వ సర్గలో దశరథుని అశ్వమేధమునకు ఆహ్వానములు పంపు ఘట్టము కలదు. గృహస్థులు ఈ ఘట్టమును శుభకార్యమునకు ముందు చదువదగును. వసిష్ఠుడు సుమంత్రుని పిలిచి ఎవరిని ఎట్లు పిలువవలెనో నిర్దేశించెను. మిథిలాధిపతియైన జనకుని స్వయముగా పోయి సత్కారపూర్వకముగా తోడ్కొనిరమ్మని చెప్పెను. కాశీరాజునకును అదే విధి. మరికొందరు రాజులకు దూతల ద్వారా పిలుపు. నాలుగు వర్ణములవారిని, అన్ని దేశములనుండి, గౌరవముతో పిలువవలెనని కూడ ఆదేశించెను. అనగా అందరికిని ఒకే విధమైన పిలుపు పంపుట ఆ మహర్షి కూడ సాధ్యమని తలపలేదు. కొందరికి స్వయముగా, కొందరికి దూతముఖమున. సాధనభేదము శాస్త్రసమ్మతమే.

మహాభారతమున సభాపర్వములోను అదే రీతి. రాజసూయమునకు ధర్మరాజు దేశదేశములకు శీఘ్రదూతలను పంపించెను. భీష్మ, ద్రోణ, ధృతరాష్ట్ర, విదురాదులను పిలుచుటకు మాత్రము తమ్ముడైన నకులుని హస్తినాపురమునకు పంపెను. దూత వేగముగా పోవును. నకులుడు తమ్ముడు గనుక పోయెను. మన కాలమున చరవాణి ఆ శీఘ్రదూత వంటిది. దూతను నిందించిన శాస్త్రము లేదు. నకులుడు పోవలసిన చోటికి దూతను పంపుటయే దోషము.

ఇచట ఒక ఆక్షేపము కలుగవచ్చును. జనకుడు రాజు, కాశీరాజు రాజు. వారికే కదా స్వయముగా పోవుమని వసిష్ఠుడు చెప్పెను? అట్లైన నేటి గృహస్థు అధికారికి, ధనవంతునికి స్వయముగా పత్రిక ఇచ్చి, పేదబంధువునకు చిత్రము పంపుటలో తప్పేమి? సమాధానము ఆ శ్లోకసందర్భములోనే కలదు. జనకుని మొదట పేర్కొనుటకు వసిష్ఠుడు చూపిన కారణము ఐశ్వర్యము కాదు. పూర్వమునుండి వచ్చిన సంబంధము. ఆ యజ్ఞమునకు వచ్చిన రాజులు ఎందరో. స్వయముగా పిలువబడుటకు కొలత కిరీటము కాదు, బంధము. ఆ సర్గలోనే పరిచారకులకు మరియొక మాట చెప్పబడినది: అవజ్ఞతో, ఆటగా, ఎవ్వరికిని ఏదియు ఈయరాదు, అవజ్ఞతో చేసినది ఇచ్చినవానినే నశింపజేయును. యజ్ఞశాలలో చెప్పిన ఆ మాట పెండ్లి పిలుపునకును వర్తించును.

మూడు విధముల పిలుపు

భగవద్గీత 17వ అధ్యాయమున దానము మూడు విధములుగా విభజింపబడినది. తిరిగి ఉపకారము చేయలేనివానికి, తగిన దేశకాలములందు, ఈయవలెనను భావముతో ఇచ్చునది సాత్త్వికము. ప్రత్యుపకారమును కోరి, ఫలమును ఉద్దేశించి, మనస్సు నొచ్చుకొనుచు ఇచ్చునది రాజసము. సత్కారము లేక, అవజ్ఞతో ఇచ్చునది తామసము. పిలుపు కూడ ఒక దానమే. పిలిచినవాడు తన కాలమును, తన పాదములను, తన పంక్తిలో ఒక స్థానమును ఇచ్చుచున్నాడు.

ఈ కొలతతో నేటి ఆచారమును చూచినచో సత్యము కఠినముగా కనబడును. బహుమానము ఈయగలవానికి, పని చేసిపెట్టగలవానికి వెలగల పత్రిక, మిఠాయి పెట్టె, స్వయముగా గడప త్రొక్కుట, ఇది రాజసము. ఏమియు ఈయలేని దూరపు బంధువునకు, పొలములో పనిచేసిన వానికి, చిన్ననాట బిడ్డను ఎత్తి ఆడించినదానికి, నలుగురి నోట మాటగానో, ఎవరో పంపిన చిత్రముగానో అందినచో అందినట్లు, లేనిచో లేనట్లు, ఇది తామసము. ఖర్చు తగ్గించుకొనవలసి వచ్చినప్పుడు గృహస్థు మొదట తగ్గించునది ఈ రెండవవారి పిలుపునే. మితవ్యయము ధర్మమే, కాని ఆ మితవ్యయము ఎవరిపై పడుచున్నదో చూడకున్నచో అది ధర్మము కాజాలదు.

అరణ్యపు అంచున

ఈ ప్రశ్న భద్రాచల ప్రాంతమున మరింత తీవ్రమైనది. 2014లో ఖమ్మము జిల్లానుండి ఏడు మండలముల ప్రాంతము ఆంధ్రప్రదేశ్‌లో చేరినది. భద్రాచల పట్టణము తెలంగాణలో నిలిచినది. కూనవరము, చింతూరు, వరరామచంద్రపురము, కుక్కునూరు, వేలేరుపాడు ఊళ్ళలోని బంధువులు ఒక్క చట్టముతో వేరొక రాష్ట్రపు వారైరి. ఆ వైపున శబరీ నది దాటి ఛత్తీస్‌గఢ్, ఒడిశాలలోను తెలుగు, కోయ కుటుంబముల బంధుత్వములు అల్లుకొనియున్నవి. ఈ అడవులలో చరవాణి సంకేతము ఊరి నడుమ ఉండి గుట్ట వెనుక ఉండదు. 2021 నవంబరులో కేంద్ర మంత్రివర్గము ఆంధ్రప్రదేశ్, ఛత్తీస్‌గఢ్, ఝార్ఖండ్, మహారాష్ట్ర, ఒడిశాలలోని 7,287 గ్రామములకు 4జీ సేవలను అందించుటకు అనుమతి ఇచ్చినది. అనగా అన్ని ఊళ్ళు అంతవరకు ఆ సేవకు వెలుపల ఉన్నవని ప్రభుత్వమే అంగీకరించినట్లు.

అట్టి చోట "అందరికీ వాట్సాప్‌లో పంపినాము" అను మాటలో 'అందరికీ' అను పదము అసత్యమగును. సంకేతము లేనివాడు, అక్షరము రానివాడు, మీటల ఫోను మాత్రమే కలవాడు ఆ 'అందరి'లో లేడు. పిలిచినవానికి తాను ఎవరినీ విడువలేదను తృప్తి. విడువబడినవానికి తనను లెక్కింపలేదను వ్యథ. దక్షయజ్ఞపు కథలో దక్షుడు బుద్ధిపూర్వకముగా శివుని విడిచెను. ఆ యజ్ఞము ఏమైనదో లోకమెరుగును. నేటి గృహస్థుడు దక్షుడు కాడు. అతనికి ద్వేషము లేదు. అయినను విస్మరణవలన కలుగు గాయము ద్వేషమువలన కలుగు గాయముకంటె చిన్నదని విడువబడినవానికి ఎవరు చెప్పగలరు?

కావున ఈ ప్రాంతమున అనుసరింపదగిన నియమము నేటి ఆచారమునకు తలక్రిందుగా ఉండవలెను. చరవాణి ఎవరి చేతిలో సుఖముగా పనిచేయునో, వారికి చరవాణి పిలుపు. అధికారులు, వర్తకులు, నగరములలోని స్నేహితులు, సహోద్యోగులు ఈ వర్గము. కాలినడకన, స్వయముగా పోవుట రెండు వర్గములకు: సంబంధముచేత పూజ్యులైన పెద్దలకు, మేనమామలకు, ఆడపడుచులకు, తిరిగి ఏమియు ఈయలేనివారికి, పిలుపు మరియొక విధముగా చేరజాలనివారికి. మొదటి వర్గమును వసిష్ఠుడు చెప్పెను. రెండవ వర్గమును గీత చెప్పెను.

ఇందు కష్టము లేకపోలేదు. చిన్న పట్టణములలో జీవనోపాధి కొందరి దయపై ఆధారపడియుండును. స్వయముగా వచ్చి పత్రిక ఈయలేదని ఒక పెద్దమనిషి కినుక వహింపవచ్చును. ఆ కినుకను తొలగించుటకు ఇంటి యజమాని తానే ఫోను చేసి, గౌరవముగా పిలిచి, పిమ్మట పత్రికను పంపిన చాలును. వివేకియైనవాడు దానిని అవమానముగా తలపడు. అప్పటికిని అలిగినవాడు ఉన్నచో, ఆ అలుకను భరించుట కూడ ఆ పెండ్లి ఖర్చులలో ఒకటి. అడవి అంచున ఒక వృద్ధురాలు నొచ్చుకొన్న మౌనము ఎవరికిని వినబడదు గనుక అది ఖర్చులో లేదనుకొనుట న్యాయము కాదు.

రామదాసు లెక్క

ధనమును గూర్చి భక్తులు మాటాడుటకు సంకోచింతురు. భద్రాచల చరిత్ర అట్లు సంకోచింపలేదు. పాల్వంచ పరగణా తహసీలుదారైన కంచెర్ల గోపన్న ప్రభుత్వపు పన్ను ధనముతో ఆలయమును నిర్మించి, గోలకొండ చెరసాలలో పండ్రెండేండ్లు గడపెను. ఆ చెరలో ఆయన పాడిన కీర్తనలలో ఒకదానియందు సీతమ్మకు, లక్ష్మణునకు, భరతునకు చేయించిన నగలెన్నో, ఒక్కొక్కదానికి ఎన్ని వరహాలు పట్టెనో స్వామికే లెక్క ఒప్పజెప్పెను. భక్తి లెక్కకు విరోధి కాదు. పైగా తనది కాని ధనముతో చేసిన శుభకార్యము ఎంత పవిత్రమైనను దాని ఋణమును ఎవరో ఒకరు తీర్చవలసినదేనని ఆ చరిత్ర బోధించును. గోపన్న ఋణమును స్వామియే తీర్చెనని భక్తుల విశ్వాసము. సామాన్య గృహస్థు పెండ్లి కొరకు చేసిన అప్పును తీర్చవలసినవారు అతడు, అతని పిల్లలే. కావున అప్పు తెచ్చి వెలగల పత్రికలు అచ్చువేయించుట భక్తి కాదు, మర్యాద కూడ కాదు.

తైత్తిరీయోపనిషత్తు శిక్షావల్లిలో శిష్యునికి చేసిన ఉపదేశము ఇచట దారి చూపును: ఈయునది శ్రద్ధతో ఈయవలెను, అశ్రద్ధతో ఈయరాదు, తన సంపదకు తగినట్లు ఈయవలెను, వినయముతో ఈయవలెను. సంపదకు తగినట్లు అనుటలో మితవ్యయమునకు అనుమతి కలదు; శ్రద్ధతో అనుటలో దానికి హద్దు కలదు.

ఉదాహరణకు ఒక లెక్కను చూడుడు. పిలువవలసినవి 400 కుటుంబములు అనుకొందురు గాక. పత్రిక ఒక్కింటికి 30 రూపాయలైన, మొత్తము 12,000 రూపాయలు. పంచుటకు పెట్రోలు అదనము. అందులో 280 కుటుంబములకు చరవాణి పిలుపు, 80 కుటుంబములకు 50 పైసల పోస్టుకార్డు, 40 కుటుంబములకు మాత్రము చేతికిచ్చు పత్రిక అనుకొన్నచో, కార్డులకు 40 రూపాయలు, పత్రికలకు 1,200 రూపాయలు, మొత్తము 1,240. మిగిలినది 10,760 రూపాయలు. ఈ మిగులు ఎక్కడికి పోవలెనన్నదే ధర్మప్రశ్న. దానిని మండపపు దీపాలంకారమునకు కలిపినచో మితవ్యయము కేవలము లోభమగును. అడవి ఊళ్ళకు పోవు జీపు కిరాయికి, అక్కడివారు పెండ్లికి వచ్చిపోవు బండికి, వారి భోజనమునకు వినియోగించినచో ఆ ధనము శుభలేఖగానే మిగులును.

ఆచరణ క్రమము

లగ్నపత్రిక వ్రాసుకొనిన దినమున ఇంటిల్లిపాది కూర్చుండి జాబితాను వ్రాయవలెను. వ్రాయునప్పుడు "ఎవరికి పంపవలెను" అని గాక "ఎవరు మరువబడుదురు" అని మొదట ప్రశ్నించుకొనవలెను. ప్రతి పేరు ప్రక్కన వారికి పిలుపు చేరు మార్గము వ్రాయవలెను: స్వయముగా, ఫోను మాట, వాట్సాప్, పోస్టుకార్డు, సంత. మార్గము వ్రాయబడని పేరే మరువబడు పేరు.

చరవాణిలో పంపువారు మొదట మాటాడి, పిమ్మట పత్రికను పంపవలెను. చిత్రమును మాత్రమే పంపక, ముహూర్తము, స్థలము, చేరు మార్గము అక్షరములలో కూడ వ్రాయవలెను. సంకేతము బలహీనమైన చోట చిత్రము తెరుచుకొనకున్నను అక్షరములు చేరును. మీటల ఫోనులు కలవారికి సాధారణ సంక్షిప్త సందేశము, చదువరాని పెద్దలకు స్వరసందేశము, కోయ మాటాడువారికి కోయభాషలోనే మాట ఉచితము. వాట్సాప్‌లోని బ్రాడ్‌కాస్ట్ జాబితాలో 256 మంది వరకు చేర్చవచ్చును. కాని పంపినవాని సంఖ్యను తమ ఫోనులో దాచుకొన్నవారికే ఆ సందేశము చేరును. ఈ సంగతి తెలియక పంపితిమని తృప్తిపడువారు అనేకులు. పంపిన మూడు దినములలో ఎవరి నుండి బదులు రాలేదో చూచి వారికి ఫోను చేయుట పిలుపులో రెండవ సగము.

మరియొక జాగ్రత్త. పెండ్లి పిలుపు రూపమున ఏపీకే ఫైళ్ళను పంపి ఫోనులోని ధనమును, వివరములను దోచుకొను మోసములను గూర్చి 2024 నవంబరులో హిమాచల్ ప్రదేశ్ పోలీసులు హెచ్చరించిరి. అందువలన పత్రికను చిత్రముగానో, పీడీఎఫ్‌గానో మాత్రమే పంపవలెను. ముందుగా మాటాడినచో గ్రహీతకు భయముండదు. 2021లో తమిళనాడులోని మధురైలో ఒక వివాహపత్రికపై కానుకల చెల్లింపునకు క్యూఆర్ సంకేతమును ముద్రించిన వార్త ప్రచారమైనది. మహమ్మారి దినములలో దానికి కారణముండవచ్చును. సాధారణ కాలమున మాత్రము పిలుపును, చదివింపులను ఒకే కాగితముపై కలుపరాదు. పిలుపు అడుగుటగా మారును.

పోస్టుకార్డును నేటివారు మరచిరి. 50 పైసల కార్డు నాలుగు మూలల పసుపు పూసి, ఇంటి పెద్ద స్వహస్తముతో నాలుగు పంక్తులు వ్రాసినచో అది సంపూర్ణ శుభలేఖయే. పురోహితుడు వ్రాయు లగ్నపత్రిక తెల్లకాగితమే కదా. దానికి మాంగల్యమిచ్చునది పసుపు, కుంకుమ, సంకల్పము. కార్డులను కనీసము మూడు వారముల ముందు వేయవలెను. ఇక తపాలా కూడ ఆలస్యమగు ఊళ్ళకు వారపు సంత ఉన్నది. సంత నాడు ఒక పూట కూర్చున్నచో అయిదారు గూడెముల వారు కనబడుదురు. ఊరి పెద్దకు అక్షతలతో పత్రికనిచ్చి, "మీ గూడెమంతా రావలెను" అని నోరార పిలిచి, బస్సు ఎక్కడ ఎక్కవలెనో చెప్పి పంపవచ్చును.

సందేశపు మాటలు ఎట్లుండవలెను? జనకుని దూతలు మూడు రాత్రులు మార్గమున గడపి అయోధ్య చేరి, మొదట దశరథుని కుశలమును, ఆయన పురోహిత మంత్రుల కుశలమును అడిగి, పిమ్మటనే కల్యాణవార్త చెప్పిరి. దశరథుడు నాలుగు దినముల ప్రయాణమున మిథిల చేరెను. కుశలప్రశ్న లేని పిలుపునకు ఎవరు నాలుగు దినములు నడుతురు? పూణెలోనో, దుబాయిలోనో ఉన్న బంధువునకు పంపు మాట వాడుక భాషలోనే ఇట్లుండవచ్చును: "పెద్దమ్మా, పెదనాన్నా, నమస్కారం. పెదనాన్న మోకాలి నొప్పి ఎట్లా ఉంది? మన పిల్ల పెళ్లి ఖాయమైంది. ముహూర్తం, చోటు కింద రాశాను. నేనే వచ్చి బొట్టు పెట్టి పిలవాల్సింది, దూరమై రాలేకపోతున్నాను. ఈ మాటనే బొట్టు అనుకొని మీరిద్దరూ ముందురోజే రావాలి. మీ చేతి అక్షతలు పడందే మా పిల్లకు పెళ్లయినట్లుండదు." ఈ సందేశమును ఇంకొకరికి పంపుట సాధ్యము కాదు. అందుచేతనే ఇది ఆహ్వానము.

పిలువబడినవాని ధర్మము

ధర్మము పిలిచినవానికి మాత్రమే కాదు. పిలువబడినవాడు కాగితపు మందమును తాకి ప్రేమను కొలువరాదు. "ఫోనులో పిలిచినారు, పోనవసరము లేదు" అనుకొనువాడు అహంకారమునకు మర్యాద యను పేరు పెట్టుచున్నాడు. ఇంట నాలుగు అప్పులు ఉండగా ఒక తండ్రి వెలగల పత్రికను మానుకొని, నోరార పిలిచినచో, ఆ పిలుపును మన్నించి పోవుట ఆ తండ్రికి చేయు గొప్ప సహాయము. బంధువుల అలుక భయముననే అనేకులు అప్పుచేసి ఆడంబరము చేయుదురు. ఆ భయమును తొలగింపగలవారు బంధువులే.

బొట్టుపెట్టి పిలుచు సంప్రదాయము నశింపవలెనని దీని భావము కాదు. బొట్టు, అక్షత స్పర్శతో కూడినవి. తెర వానికి ప్రత్యామ్నాయము కాజాలదు. అందుచేతనే వానిని అలవోకగా అందరికీ పంచక, అవసరమైన గడపలకు దాచవలెను. తెర మోయగలిగిన భారమును తెరకు అప్పగించినవానికి, పాదములు పోవలసిన చోటికి పోవుటకు తీరిక, ధనము మిగులును.

భద్రాచల స్థలపురాణమున ఆహ్వానక్రమము ఒకటి కలదు. అడవిలోని భద్రిరెడ్డిపాలెమునందు నివసించు పోకల దమ్మక్కకు స్వామి కలలో కనబడి, తాను పుట్టలో ఉన్నానని తెలిపెను. ఆమె వెదకి, విగ్రహములను కనుగొని, ఆకుల పందిరి వేసి, తాటిపండ్లను నివేదించెను. తహసీలుదారైన గోపన్న వచ్చినది ఆ తరువాత. ఆలయము, ప్రాకారము, నగలు, ముత్యాల తలంబ్రాలు అన్నియు ఆ తరువాతనే. అధికారము కలవానికంటె ముందు, ధనము కలవానికంటె ముందు, అడవిలో ఉన్న ఒక స్త్రీని స్వామి పేరుపెట్టి పిలిచెను. ఆమె ఇంటికి పత్రిక పోలేదు. పిలుపే స్వయముగా పోయెను. ఆ క్షేత్రపు ఛాయలో బిడ్డల పెండ్లిండ్లు చేయు గృహస్థులు తమ జాబితాలో మొదటి పేరు ఎవరిదో నిర్ణయించుటకు ఇంతకంటె వేరు ప్రమాణము కావలెనా?

శ్రీరామచంద్రార్పణమస్తు.